నవ్వులో వాటా

"నవ్వు నాలుగు విధముల చేటు" అని మన పెద్దలు చెప్పిరి. ఆ నాలుగు విధములేవో నాకెవరును లెక్క చెప్పలేదు గాని, ఆడుపిల్ల గట్టిగా నవ్వినప్పుడెల్ల ఈ సామెత వినబడుట మాత్రము మనలో అనేకులకు అనుభవమే. ఈ వ్యాసమున ఆ సామెతతో వాదమునకు దిగుట నా యుద్దేశము కాదు. నవ్వు చేటైనను మేలైనను, ఇంటిలో పదుగురు నవ్వుచుండగా ఒక్కరికి మాత్రము ఆ నవ్వులో వాటా లేకుండుట అంతకంటె పెద్ద చేటని నా తలంపు. అట్లు వాటా కోల్పోయిన వృద్ధురాలొకతె మా యింటనే యున్నది. ఆమె మా అత్తగారు. ఆమె వాటాను ఆమెకు తెచ్చియిచ్చినది నూఱేండ్లు దాటిన యొక మూగ చలనచిత్రము. అందులోని యొక దొంగకుక్క. ఆ ముచ్చటను, దానితోపాటు ఆ చిత్రముల చరిత్రను కొంత, సోదరీమణులకు మనవి చేయుచున్నాను.

మాది సంగారెడ్డి జిల్లాలో నారాయణఖేడు ప్రాంతమునందలి మనూరు. మంజీరానదికి చేరువ, బీదరునకును దూరము కాదు. 1956వ సంవత్సరము వరకును నారాయణఖేడు తాలూకా బీదరు జిల్లాలోనిదే. ఆ యేట రాష్ట్రముల పునర్విభజన జరిగినప్పుడు బీదరు కన్నడదేశములోనికి పోయినది. మేము మెదకు జిల్లాలోనికి వచ్చితిమి. 2016లో సంగారెడ్డి జిల్లా యేర్పడినప్పుడు అందు చేరితిమి. పటముపై గీతలు మాఱినవి గాని, ఇచ్చిపుచ్చుకొనుటలు మాఱలేదు. మా వైపు ఒక్క సంతలో నిలుచుండినచో తెలుగు, కన్నడము, మరాఠీ, ఉర్దూ, లంబాడీల మాటలు ఐదును చెవిని బడును. మా అత్తగారి పుట్టినిల్లు బీదరు వైపు. ఆమె పుట్టుకభాష కన్నడము. కాపురమునకు వచ్చిన తరువాత ఆమె తెలుగు నేర్చినది. ఆ తెలుగులో దెప్పుట, మెచ్చుట, బేరమాడుట, తగవు తీర్చుట సమస్తమును నేర్చినది. వాకిట ఆమె మాట వినబడని యిల్లు మాది కాదని ఇరుగుపొరుగువా రనెడివారు.

అట్టి మనిషికి డెబ్బదియేండ్లు నిండునప్పటికి చెవులు మందగింప నారంభించినవి. ఇప్పుడు ఎనుబది దాటినవి. మొదట తలుపు చప్పుడు వినబడలేదు. తరువాత పిల్లల మాటలు అందలేదు. పిదప ఎవరి మాటయు సరిగా అందలేదు. ఇది మా యింటి వింత కాదు. అరువదియేండ్లు దాటినవారిలో నూటికి ఇరువదియైదుగురి కంటె ఎక్కువమందికి, పనులకు అడ్డుతగులునంతటి వినికిడిలోపము కలదని ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క కట్టినది. వయసుతో వచ్చు ఈ చెవుడునకు ఒక విచిత్రమైన లక్షణము గలదు. చెవిలోపల శబ్దమును పట్టెడి సూక్ష్మకణములు క్షీణించునప్పుడు సన్నని, హెచ్చుస్థాయి ధ్వనులను పట్టెడివి ముందు పోవును. అందుచేత అచ్చుల మ్రోత చెవిని బడుచునే యుండును. స, త, క, ప వంటి హల్లులు మాత్రము జాఱిపోవును. పిల్లల కంఠములు, స్త్రీల కంఠములు మఱింత కష్టమగును. కావుననే ముసలివారు "వినబడుతున్నది గాని తెలుస్తలేదు" అందురు. దానిని మొండితన మనుకొనరాదు. అది ఉన్నదున్నట్లు చెప్పిన మాట. మనము గొంతు చించుకొని అఱచినను అచ్చులే పెరుగును గాని పోయిన హల్లు తిరిగిరాదు. పైగా అఱచువాని ముఖము కోపముగా కనబడును.

డాక్టరుగారు పరీక్షించి వినికిడియంత్ర మొకటి యిప్పించిరి. అది చెవిలో ఈల వేయుననియు, గిన్నెల చప్పుడును పిడుగుగా వినిపించుననియు మా అత్తగారు దానిని తీసి తన తమలపాకుల డబ్బాలో భద్రపఱచినది. ఇంక ఆమెకు మిగిలినది చూపు. సాయంకాలము అందఱము ఒకచోట కూర్చున్నప్పుడు ఒకరేదో అందురు, అందఱు నవ్వుదురు. ఆమె ముఖములన్నియు వరుసగా చూచి, "ఏమాయెనే? ఎందుకు నవ్వుతున్నరు?" అని యడుగును. నవ్వు పుట్టించిన మాటను విడమఱచి చెప్పబోవునప్పటికి అందు నవ్వుండదు. వడలిన పూవువలె నుండును. ఈ కష్టము ఇంట చెవిటిపెద్ద గల ప్రతి గృహిణియు నెఱిగినదే. చివరకు ఆమెయే అడుగుట మానినది. అందఱు నవ్వినప్పుడు తానును పెదవులు కొంచెము కదిలించి, పిదప మంచముమీద అటు తిరిగి పడుకొనెడిది. టెలివిజనులో ధారావాహికలు వచ్చును గాని, వానిలో జరుగున దంతయు మాటలే. తెఱక్రింద అక్షరములు వచ్చునందుమా, ఆమెకు చదువు లేదు.

గత వేసవిలో నా మనుమడు సెలవులకు వచ్చినాడు. వాడు సెల్‌ఫోనులో ప్రాతకాలపు మూగచిత్రములు చూచుట అలవాటు చేసికొన్నాడు. నూఱేండ్లు దాటిన యిట్టి చిత్రము లనేకములకు హక్కుల గడువు తీరిపోయినందున వానిని వెల లేకయే చూడవచ్చునట. ఒకనాటి సాయంకాలము వాడు తన ముత్తవ్వ మంచముపై చేరి, ఆ చిన్న తెఱను ఆమె ముందు పెట్టినాడు. అందు కనబడినది 1907వ సంవత్సరమున ఫ్రాన్సుదేశపు పాథే సంస్థ తీసిన చిత్రము. ఫెర్డినాండ్ జెక్కా అను నతని పేర ప్రసిద్ధము. "పోలీసువారి పరుగు" అని దాని పేరును తెనిగింపవచ్చును. నిడివి సుమారు అయిదు నిముషములు మాత్రమే.

కథ చెప్పవలెనన్న రెండు మాటలు. ఒక కుక్క మాంసపు దుకాణములోనుండి పెద్ద తొడముక్క నొకదానిని నోటకఱచుకొని పాఱిపోవును. దానిని పట్టుకొనుటకు ఒక పోలీసు బయలుదేరును. అతనితో మఱియొకడు, మఱి యిద్దరు, చూచుచుండగనే ఒక దండు. కుక్క ముందు, పోలీసులు వెనుక. వీధి వెనుక వీధి. ఒకచోట కుక్క నిలువుగోడ నెక్కి పైకప్పు చేరును. పోలీసులును బల్లులవలె ఆ గోడ నెక్కుదురు. కడకు కుక్క తన గూటిలో దూఱును. పోలీసులు గూటిని చుట్టుముట్టి లోనికి తొంగిచూతురు. అప్పుడు కథ తలక్రిందులగును. కుక్క వెలుపలికి దుమికి వారిపై తిరుగబడును. ఇప్పుడు పోలీసులు ముందు, కుక్క వెనుక. వచ్చిన వీధులలోనే తిరుగుపరుగు, ఠాణా చేరువఱకు. చిట్టచివర కుక్కను దగ్గఱగా చూపుదురు: తలపై పోలీసు టోపీ, నోట మాంసము.

మా అత్తగారు మొదట తెఱను ముక్కునకు దగ్గఱగా పెట్టుకొని ఊరక చూచినది. కుక్క మాంసము నెత్తుకొని ఉఱికినంతనే, "అగో, ఎత్కపాయె!" అన్నది. పోలీసులు గుంపైనప్పుడు, "ఒక్క కుక్కకు ఇంతమందా!" అన్నది. కుక్క గోడ నెక్కునప్పుడు మనుమని వైపు తిరిగి, "కుక్క గోడెక్కుతదారా? నన్ను పిచ్చిదాన్ని జేస్తున్నవా?" అని గద్దించినది. కుక్క గూటినుండి వెలికివచ్చి తఱుముటతో ఆమె చేతితో తొడపై చఱచి, "మర్లబడ్డది! ఇప్పుడు జూడు, మర్లబడ్డది!" అని బిగ్గఱగా నవ్వెను. అది పెదవులు కదల్చిన నవ్వు కాదు. కన్నుల నీరు కాఱునట్టి, దగ్గు వచ్చునట్టి, కడుపు పట్టుకొనునట్టి నవ్వు. వంటయింటిలో రొట్టె తట్టుచున్న నేను ఆ నవ్వు విని పిండిచేతులతోనే బయటికి వచ్చితిని. మావారు పశువుల కొట్టమునుండి వచ్చిరి. నే నామె వంక చూచి, "ఏమాయె అత్తమ్మా, ఎందుకు నవ్వుతున్నరు?" అని చేతితో సైగ చేసితిని. ఆ మాట చాల కాలముగా మా యింట ఆమె యడుగుచుండినది. ఆనాడు మే మడిగితిమి, ఆమె చెప్పినది. ఆ కథనంతటిని మొదటినుండి చివరివఱకు మాకు ఆమెయే వినిపించినది.

ఈ చిన్న సంగతిలో నాకు తోచిన గొప్ప యేమనగా, ఆ చిత్రము ముందు మేమందఱము సమానులమైతిమి. అందు మాట లేదు. కనుక వినబడనివారికి తక్కువ లేదు. కథ తెలియుటకు చదువవలసిన యక్షరము లేదు. కనుక చదువురానివారికిని తక్కువ లేదు. తెలుగు, కన్నడము, ఫ్రెంచి అను భేదము లేదు. కుక్కకు ఆఁకలి వేయుట, పోలీసునకు కోపము వచ్చుట ఏ దేశమందైనను ఒక్కటే. మనుష్యుడు హాస్యమాడునప్పుడు సగము మాటలో దాచును. జంతువు దేనిని దాచదు. దాని దొంగతనము, భయము, తెగువ అన్నియు ఒంటిమీదనే కనబడును.

ఆ చిత్రములు తీసిన విధమును గూర్చి మనుమడు చెప్పిన సంగతియు వినదగినది. ఆ నిలువుగోడ నిజముగా నిలువు గోడ కాదు. గోడ బొమ్మను నేలపై పఱచి, నటులను దానిపై ప్రాకించి, కెమెరాను పైనుండి క్రిందికి చూచునట్లు అమర్చి చిత్రము తీసిరి. అందుచేత ప్రాకువాడు ఎక్కుచున్నట్లు కనబడును. ఇది వాడు పలకమీద బొమ్మ గీసి చూపగా మా అత్తగారు, "అట్ల జెప్పు! కుక్క గోడెక్కదని నేనంటలేనా?" అని తృప్తి పడినది. పాథేవారి ముద్ర కోడిపుంజు. ఇతరులు తమ చిత్రములకు దొంగప్రతులు తీయకుండ ఆ పుంజుబొమ్మను ఒక్కొక్కప్పుడు రంగస్థలపు గోడలకే తగిలించి చిత్రము తీసెడివారట. దొంగకుక్క కథ నమ్మువారికిని దొంగల భయము తప్పలేదు!

ఇట్టి బొమ్మలు మన దేశమునకు రాకుండ నుండలేదు. 1896 జులై 7వ తేదీన బొంబాయిలోని వాట్సన్ హోటలులో మొదటిసారి కదలెడి బొమ్మలను చూపిరి. మన తెలుగువారిలో ఈ విద్యకు ఆద్యుడు మచిలీపట్టణమునకు చెందిన రఘుపతి వెంకయ్యగారు. వారు మద్రాసులో ఫొటోలు తీయు వృత్తిలో నుండి, 1910లో క్రోనోమెగాఫోను అను యంత్రమును తెప్పించి, డేరాలు వేసి ఊరూర బొమ్మలను చూపిరి. బర్మా, సింహళములకును పోయి వచ్చిరి. మా వైపు అప్పుడు నిజాముపాలన. హైదరాబాదున 1922లో ధీరేంద్రనాథ గంగూలీ అను వంగదేశీయుడు లోటస్ ఫిలిం కంపెనీని స్థాపించి మూగచిత్రములు తీసెను. అతనికి హాస్యమన్న మక్కువ; అక్కడ తీసినవానిలో "లేడీ టీచర్", "మ్యారేజ్ టానిక్" వంటివి కలవు. 1924లో "రజియా బేగం" అను చిత్రమును ప్రదర్శించిన కారణమున నిజాముగారి యాగ్రహమునకు గుఱియై అతడు హైదరాబాదు విడువవలసివచ్చెను. ఆ విధముగా మన రాజధానిలో పుట్టిన మూగనవ్వు రెండేండ్లకే మూగవోయినది.

ఆ కాలపు మూగచిత్రము లనేకములలో నడుమనడుమ అక్షరముల పలకలు వచ్చెడివి. మన దేశమున చదువురానివారి కొఱకు ఒకడు తెఱప్రక్క నిలిచి వానిని బిగ్గఱగా చదివి చెప్పెడివాడు. హార్మోనియము, తబలా మ్రోగుచుండెడివి. పిదప 1931 మార్చి 14న బొంబాయిలో "ఆలం ఆరా" విడుదలయైనది. 1932లో హెచ్.ఎం.రెడ్డిగారి "భక్త ప్రహ్లాద" తెలుగున మాటాడినది. బొమ్మకు నోరు వచ్చినదని దేశమంతయు సంతోషించెను, సంతోషింపదగినదే. కాని ఆనాడు ఒక వర్గమువారు చేతిలోని యన్నమును పోగొట్టుకొనిరి. వారు చెవిటివారు. అమెరికాదేశమున మూగచిత్రములు ఆడినంతకాలము చెవిటివారు అందఱితోపాటు టిక్కెట్టు కొని, అందఱితోపాటు నవ్వి, అందఱితోపాటు ఏడ్చిరి. టాకీలు వచ్చిన పిమ్మట ఆ మందిరములలో వారికి చోటుండియు లేనట్లాయెను.

ఈ సందర్భమున ఒక మహానటుని కథ చెప్పవలసియున్నది. చార్లీ చాప్లిన్ పేరు వినని సోదరి యుండదు. అతనికి గ్రాన్‌విల్ రెడ్‌మండ్ అను చిత్రకారుడు స్నేహితుడు. రెడ్‌మండ్ పసితనముననే జ్వరముచే వినికిడి కోల్పోయినవాడు. చేతిసైగలతోను, ముఖముతోను భావమును చెప్పుటలో నేర్పరి. చాప్లిన్ అతనితో సైగలలో మాటాడుట నేర్చెను. తన స్టూడియోలో అతనికి చిత్రములు వ్రాసికొనుటకు చోటిచ్చెను. తన చిత్రములలో చిన్న వేషములనిచ్చెను. 1918లో వచ్చిన "ఎ డాగ్స్ లైఫ్", అనగా "కుక్కబ్రతుకు" అను చిత్రమున నాట్యశాల యజమానిగా కనబడువాడు ఈ రెడ్‌మండే. లోకమునంతను మాట లేక నవ్వించిన వాని ప్రక్కన మాట వినబడని మనిషి యొకడు నిలిచి యుండెనని తెలిసినప్పుడు నాకు ఆ చిత్రముపై గౌరవము రెట్టింపైనది.

మఱునాడు మా యింట ఆ "కుక్కబ్రతుకు" ప్రదర్శనము జరిగినది. ఇది మూడు రీళ్ల చిత్రము; అరగంట దాటును. ఇందలి బీదవాడును కుక్కయు సరిజోడు. ఇద్దరికిని ఇల్లు లేదు, ఇద్దరికిని అన్నము లేదు. పెద్ద కుక్కలు ఒక ముక్క కొఱకు ఈ చిన్నదానిని చుట్టుముట్టగా అతడు విడిపించి తెచ్చుకొనును. ఫలాహారపు దుకాణమువాడు అటు తిరిగినప్పుడెల్ల అతడు ఒక్కొక్క పిండివంటను నోట వేసికొని, ఇటు తిరుగునంతలో ఏమియు నెఱుగనివానివలె నిలుచును. కుక్కలకు ప్రవేశము లేని నాట్యశాలలోనికి దానిని తన వదులైన లాగులో దాచి తీసికొనిపోవును. లాగునకు వెనుక చినుగుండుటచే తోక బయటికి వచ్చి, అక్కడి డోలును టపటప వాయించును. ఆ తోకను చూచి మా అత్తగారు నవ్విన నవ్వునకు మంచము కిఱ్ఱుమన్నది. కడపట ఆ బీదవాడు పొలము కొని, ఒక యిల్లాలితో కాపురముండి, ఇద్దరును మురిపెముగా ఊయలలోనికి తొంగిచూతురు. అందున్నవి కుక్కయు దాని పిల్లలును! "నా తల్లే, ఈనింది!" అని మా అత్తగారు రెండు చేతులును జోడించినది. ఆ చిత్రములోని ఆఁకలి నామె ఎఱుగును. నవ్వుచునే ఒక మాటన్నది: "కడుపు నిండినోడు ఈ బొమ్మ తియ్యలేడు బిడ్డా." చాప్లిన్ బాల్యమున తల్లి జబ్బుపడగా బీదలగృహములో పెరిగినవాడని ఆమెకు ఎవరును చెప్పలేదు.

మూడవనాడు ఆమె తానే కథకురాలైనది. బీదరు వైపు తన పుట్టినింట ఒక మేక యుండెనట. ఆమెకు అప్పుడు పదియేండ్ల లోపు. ఊరి పట్వారీ లెక్కలు వ్రాయుటకు వచ్చి, అరుగుపై దస్తరము విప్పి, ఎండకు తాళలేక తలరుమాలును తీసి ప్రక్కన పెట్టినాడు. ఆ మేక మెల్లగా వచ్చి రుమాలు కొసను నమల నారంభించినది. పట్వారీ గద్దింపగా, కొసను విడువకయే పరుగెత్తినది. బారలకొలది గుడ్డ వేపచెట్టు చుట్టును విప్పుకొనిపోయినది. అతడు బట్టతలతో దాని వెనుక. అతని వెనుక మాలీపటేలు. వారి వెనుక ఊరి పిల్లలు. మఱియొక మేక ఈ సందడిలో అరుగెక్కి లెక్కల కాగితమును రుచిచూచినది. తలుపు వెనుక నిలిచిన ఆడువారు కొంగులు నోట క్రుక్కుకొనిరి. "మా అవ్వ నవ్వంగ నేనెన్నడు జూడలే. ఆనాడు జూసిన," అని మా అత్తగారు చెప్పినది. చెప్పుచు చెప్పుచు తెలుగు విడిచి కన్నడములోనికి పోయినది, మరల వచ్చినది. మావారికి యేబది దాటినవి. కన్నతల్లి నోట ఈ కథను ఆయన వినుట అదే మొదలు.

ఆ రాత్రి నాకు చాలసేపు నిదుర పట్టలేదు. ఆ మేక నాకు ఎదుటనే యున్నట్లుండెను. చెవిటివారికి మనము చెప్పునది చేరదన్నది అందఱును గుర్తించు నష్టము. వారు చెప్పవలసినది వారిలోనే నిలిచిపోవుట దానికి జంటయైన రెండవ నష్టము. అది కంటికి కనబడదు. మాట ఇచ్చిపుచ్చుకొనునది. ఒక వైపు మూసికొన్నచో రెండవ వైపును తుప్పు పట్టును. మా అత్తగారి యొద్ద ఆ మేకవంటి కథలింకెన్ని యున్నవో! అప్పుడు వంచిన తలలెన్నో, పాడిన పాటలెన్నో, కఱవు సంవత్సరములలో వండిన కూరాకులెన్నో! వానినన్నిటిని తెఱచుటకు ఒక దొంగకుక్క కావలసివచ్చినది.

పోలీసును కుక్క తఱుముట, పట్వారీ రుమాలును మేక లాగుట అను నివి రెండును ఒక్క తీరు కథలేనని పాఠకురాండ్రు గ్రహించియే యుందురు. మనుష్యులు టోపీని చూచి దండము పెట్టుదురు, రుమాలును చూచి ప్రక్కకు తొలగుదురు. జంతువు టోపీలోని పోలీసును చూడదు, రుమాలులోని అధికారిని చూడదు. దానికి అది గుడ్డ, ఇది మాంసము. ఎన్నడును ఎదురు చెప్పలేనివారికి అందుచేతనే ఆ నవ్వు తీపి. మన పల్లెలలో అమ్మమ్మలు కోతిని, నక్కను, పిల్లిని గూర్చి చెప్పు కథలు ఎన్ని యున్నను వానిలో గెలుచునది చిన్నదే గదా. ఫ్రాన్సుదేశమున ఆ బొమ్మ తీసినవారికి మన కథలు తెలియవు; మన యవ్వలకు ఆ బొమ్మ తెలియదు. అయినను ఇరువురును ఒక్క చోటనే నవ్విరి.

ఇంట ఇట్టి పెద్దలుగల సోదరీమణులకు నా యనుభవమున తేలిన నాలుగు మాటలు మనవి చేసెదను. మొదటిది, చెవి మందగించినదని తోచగానే డాక్టరునకు చూపుడు. ఒక్కొక్కప్పుడు గులిమి అడ్డుపడుటయే కారణమై యుండును, అది తీయగానే వినబడును. రెండవది, మాటాడునప్పుడు ఎదుట నిలిచి, వెలుతురు మీ ముఖముపై పడునట్లు చూచుకొని, మెల్లగా, కొంచెము బొంగురు గొంతుకతో చెప్పుడు. వారు పెదవులను చూచి సగము గ్రహింతురు. వెనుకనుండి, వంటయింటినుండి అఱచుట వృథా. మూడవది, వినికిడియంత్రమును మొదటినాడే రోజంతయు పెట్టుకొమ్మని బలవంతము చేయక, నిశ్శబ్దమైన గదిలో కొలదిసేపు మాత్రమే పెట్టి, దినదినము కాలము పెంచుడు. చెవికిని అలవాటు కావలెను. ఈల వేయుచున్నచో చెవిలో సరిగా కూర్చుండలేదేమో చూడుడు. మా అత్తగారి యంత్రము తమలపాకుల డబ్బానుండి ఈ విధముగనే బయటికి వచ్చి, ఇప్పుడు పూటకు గంటసేపు పనిచేయుచున్నది. నాలుగవది, మూగచిత్రము లొకటి రెండు చూపుడు. నిడివి తక్కువవి, అక్షరములు తక్కువవి, జంతువు లున్నవి అయినచో మఱింత మేలు. మీరును ప్రక్కన కూర్చుండి చూడుడు. ఫోను చేతికిచ్చి మనపని మనము చూచుకొన్నచో అది పసిబిడ్డ చేతికి గిలక యిచ్చినట్లే యగును.

ముసలివారికి వేళకు మందు లిత్తుము, మెత్తని యన్నము పెట్టుదుము, పడక సవరింతుము. ఇవన్నియు వారి దేహమునకు చేయు సేవలు. ఆ యింటిలో వారును ఒక మనిషి యనుటకు గుఱుతు, పదుగురితో కూడ ఒక్కమాఱు ఒక్క సంగతికి నవ్వగలుగుట. ఆస్తిలో వాటాకు కాగితము కలదు, సాక్షులు కలరు, కోర్టు కలదు. నవ్వులో వాటాకు అవేవియు లేవు, ఇంటివారు పెట్టినంతయే. మనుమడు సెలవులు ముగించుకొని పోవునప్పుడు ఆ చిత్రములను నా ఫోనులో నిలువచేసి పోయినాడు. ఇప్పుడు మా వాడలోని నలుగురు వృద్ధురాండ్రు ఆదివారము మధ్యాహ్నములలో మా వసారాకు వచ్చుచున్నారు. అందు ఒకామె మరాఠీ, ఒకామె లంబాడీ. కుక్క గోడ నెక్కునప్పుడు మా అత్తగారు వారికి ఆ గోడ రహస్యమును నేలపై చేయి పఱచి చూపును. ఆ వేళ మా వసారాలో ఎవరికి చెవులున్నవో, ఎవరికి లేవో బయటివారికి పోల్చుట కష్టము.